పాత సామాను తీసేసే ముందు

బుజ్జీ,

అమ్మ ఇల్లు ఖాళీ చేస్తున్నానని, పాత సామాను వాణ్ణి శనివారం రమ్మన్నానని చెప్పావు. వాడొచ్చేలోపు నా మాట విని ఒక పని చెయ్యమ్మా.

అటక మీది ఇత్తడి సామానంతా దింపి, చింతపండుతో అంచులు తోము. పేర్లు బయటపడతాయి, ఉలితో చుక్కలు చుక్కలుగా కొట్టినవి. పెద్ద గుండిగ మీద మీ అమ్మ పేరు, 1978 అని ఉంటుంది. మా అమ్మ సారెలో పెట్టింది. చిన్న చెంబు మీద ఉన్నది నీ పేరే, నీ బారసాలకు నేను కొట్టించాను.

మా అత్తగారు పోయాక నేనూ తొందరపడ్డాను. పాత ఇత్తడికి కొత్త స్టీలంటే ఆవిడ పులుసు గిన్నె ఇచ్చేసి డబ్బాల సెట్టు తెచ్చుకున్నాను. పండక్కి వచ్చిన మా ఆడపడుచు ఆ గిన్నె కోసం వంటిల్లంతా వెతికింది. ఆ రోజు తను ఏడ్చిన ఏడుపు నేనింకా మర్చిపోలేదు.

పెరట్లో సన్నెకల్లు ఉంది చూడు, దాన్ని మాత్రం ఎవరికీ ఇవ్వకు. పెళ్లిలో పెళ్లికొడుకు పెళ్లికూతురి కుడికాలు పట్టుకుని సన్నెకల్లు మీద పెట్టిస్తాడు, ఈ రాయిలా నిలకడగా ఉండమని. మెట్టెలు తొడిగేదీ అప్పుడే. మీది మా పుట్టింటి రాయి. నా పెళ్లిలో నేనూ దాని మీదే కాలు పెట్టాను, ఆ తర్వాత ఆరేళ్లకు తన పెళ్లిలో మీ అమ్మ పెట్టింది. మర్నాటి నుంచి మళ్లీ దాని మీదే కొబ్బరి పచ్చడి. నూరి నూరి మధ్యలో గుంట పడింది. ఆ గుంటలో చెయ్యి పెట్టి చూడు, అమ్మమ్మ చెయ్యీ మీ అమ్మ చెయ్యీ తగులుతాయి.

సోల కూడా ఉంచుకో. కిలోల లెక్క వచ్చి ఎన్నేళ్లయినా మీ అమ్మ బియ్యం దాంతోనే పోసేది, ఎవరైనా వస్తారేమోనని పైన ఇంకో గుప్పెడు వేసేది. నువ్వూ రోజూ దాంతోనే పొయ్యి. షోకేసులో పెట్టకు. గుండిగకు కళాయి వేయించు, లేకపోతే పులుపు తగిలి చిలుమెక్కుతుంది.

అన్నీ దాచమనడం లేదు. మీ ఫ్లాట్‌లో చోటెంతో నాకు తెలుసు. ప్లాస్టిక్ డబ్బాలు, సొట్టలు పడ్డ అల్యూమినియం గిన్నెలు ఇచ్చెయ్. ఏదైనా ఎవరిదో తెలియకపోతే ఫొటో తీసి పంపు. నేను చెప్పింది కాగితం మీద రాసి అందులోనే పెట్టు.

శుక్రవారం సాయంత్రం బస్సుకి వస్తున్నాను. సన్నెకల్లు ఒక్కదానివే ఎత్తకు, నడుము పట్టేస్తుంది.

మీ పెద్దమ్మ