ధ్వని నియమాన్ని మార్చి కథ రాస్తున్న మిత్రునికి

మిత్రులకు నమస్కారం.

మీరు పంపిన కోట కథ శ్రద్ధగా చదివాను. సన్నని ధ్వని వేగంగానూ, బొంగురు ధ్వని నెమ్మదిగానూ ప్రయాణించే లోకాన్ని మీరు ఊహించారు. మంత్రదండాలనూ శాపాలనూ ఆశ్రయించకుండా భౌతిక నియమం ఒక్కదాన్ని కదిలించి, దాని మీద ఒక రాజ్యాన్ని నిలబెట్టాలనుకోవడం నాకు నచ్చింది. అయితే ఆ నియమం యుద్ధఘట్టంలో మాత్రమే పనిచేసి, మిగతా అధ్యాయాలలో సెలవు తీసుకుంది. నా అభ్యంతరమంతా అక్కడే.

ముందు మీరు దేన్ని పక్కకు తప్పించారో చూడండి. మన గాలిలో 20 డిగ్రీల సెల్సియస్ దగ్గర ధ్వని సెకనుకు సుమారు 343 మీటర్లు వెళుతుంది. మంద్రస్వరానికైనా తారస్వరానికైనా ఆ వేగం దాదాపు ఒక్కటే. పందొమ్మిదో శతాబ్దం తొలి ఏళ్లలో బియో అనే ఫ్రెంచి శాస్త్రవేత్త పారిస్ నగరపు నీటిగొట్టాలలో, 951 మీటర్ల పొడవున, ఒక చివర వేణువు వాయింపజేసి రెండో చివర చెవి పెట్టి విన్నాడు. స్వరాల వరస చెదరకుండా చేరింది. కచేరీ హాలులో చివరి వరుసవారికి కూడా తాళం తప్పకుండా వినిపించడానికి కారణం ఈ సమానతే. మీరు దాన్నే తీసేశారు కనుక, దాని మీద ఆధారపడినవన్నీ మీ లోకంలో మారి తీరాలి.

ఎంత మారాలో తెలియాలంటే అంకెలు వేసుకోక తప్పదు. అతి సన్నని ధ్వనికి సెకనుకు 340 మీటర్లు, అతి బొంగురు ధ్వనికి 170 మీటర్లు అనుకోండి. పది మీటర్ల దూరంలో రెంటికీ మధ్య తేడా సెకనులో నూటికి మూడు వంతులే కాబట్టి ఇంట్లో మాటామంతీకి ఇబ్బంది ఉండదు. నూరు మీటర్లకు అది దాదాపు 0.3 సెకను అవుతుంది. అర కిలోమీటరుకు సెకనున్నర. ఇప్పుడు మీ మూడో అధ్యాయంలోని కావలివాడిని గుర్తుచేసుకోండి. అర కిలోమీటరు ఎత్తున బురుజు మీద నిలబడి, "శత్రువులు వస్తున్నారు" అని అరిస్తే ఊరంతా అర్థం చేసుకుని తలుపులు వేసుకుంటుంది. మీ నియమం ప్రకారం అది సాధ్యం కాదు. "వస్తున్నారు"లోని సకారపు బుస, "శత్రువులు"లోని మొదటి అచ్చు కంటే ముందే కింద ఉన్నవారి చెవిన పడుతుంది. ఎనిమిది అక్షరాలూ ఒకదాని మీద ఒకటి పడి కలగాపులగమవుతాయి. అటువంటి లోకంలో కావలివాళ్లు మాటలతో కేక వేయరు. ఒకే శ్రుతిలో పొడుగాటి ఈల వేస్తారు, లేదా జెండా ఊపుతారు.

గోల్కొండలో ఫతే దర్వాజా దగ్గర కొట్టిన చప్పట్లు పైన బాలా హిస్సార్‌లో వినిపిస్తాయన్న సంగతి మీకు తెలిసే ఉంటుంది. చప్పట్లో సన్నని ధ్వనీ బొంగురు ధ్వనీ కలిసే ఉంటాయి. మీ కోటలో ఆ చప్పట్లు కిలోమీటరు దాటి పైకి చేరేసరికి కీచుమని మొదలై, మూడు సెకన్ల పాటు దిగజారుతూ బొంగురు మోతగా ముగుస్తాయి. ఆ సాగుదల ఎంతసేపుందో విని, చప్పట్లు ఎంత దూరం నుంచి వచ్చాయో కాపలాదారు లెక్కగట్టగలడు. నియమం ఒకటి తీసుకుంటూ ఇంకొకటి ఇస్తుంది. ఆ లాభాన్ని మీరు వాడుకోనే లేదు.

సంగీతం దగ్గర ఇంకా ఆగవలసి ఉంది. మీ ఊరేగింపు ఘట్టంలో మేళం మన ఊళ్లలో వినిపించినట్టే వినిపించింది. నిజానికి అక్కడ దూరంగా ఉన్నవాడికి మృదంగం కుడిచేతి దెబ్బ ముందూ, తొప్పి అనే బొంగురు వైపున పడిన ఎడమచేతి దెబ్బ తరవాతా చేరతాయి. నిలకడగా సాగే ఆలాపన చాలావరకు దక్కుతుంది గాని, చకచకా పడే స్వరకల్పన నూరు మీటర్లు పోయేసరికి ముక్కలవుతుంది. మరి రాజు కొలువులో ఏం చేస్తారు? రాజుగారి ఆసనం యాభై మీటర్ల దూరంలో ఉంటే, పెద్ద డోలు వాయించేవాడు సెకనులో ఏడో వంతు ముందుగా దెబ్బ వేయాలి. అప్పుడు తాళం రాజుగారి చెవికి సరిగ్గా కుదురుతుంది, తక్కిన సభకంతటికీ తప్పుతుంది. వాయించేవాడికి కూడా తప్పే వినిపిస్తుంది. తన చెవికి ఎన్నడూ కుదరని లయను జీవితాంతం సాధన చేసే ఆ డోలు కళాకారుడే మీ కథానాయకుడని నాకనిపిస్తున్నది. కత్తి పట్టిన యువరాజు కాదు. ఇది నా అభిప్రాయం మాత్రమే, కథ మీది.

మొదటి అధ్యాయంలో గురువు శిష్యులను కూర్చోబెట్టి ఈ నియమాన్ని రెండు పుటల పాటు వివరించే భాగాన్ని తీసేయండి. మనలో ధ్వని వేగం అంకె తెలిసినవారు కొద్దిమందే, కానీ మెరుపు చూడగానే ఉరుము కోసం చెవులు మూసుకోని పిల్లలుండరు. మీ పాత్రలు కూడా ఆ నియమాన్ని అలవాటుగా ఎరగాలి. దూరాన ఉన్నవాణ్ణి పిలవడానికి తల్లి కొడుకు పేరులోని ఒక్క అచ్చునే సాగదీస్తే చాలు, పాఠకుడు గ్రహిస్తాడు. గాలి ఎందుకలా ప్రవర్తిస్తుందని అతడు పెద్దగా అడగడు. నిన్న ప్రవర్తించినట్టే నేడూ ప్రవర్తిస్తున్నదా అని మాత్రం కనిపెడుతూనే ఉంటాడు.

చెవికి అలవాటు చేసుకోవాలంటే ఒక మార్గముంది. శీతల దేశాలలో గడ్డకట్టిన సరస్సు మీదికి రాయి విసిరినప్పటి రికార్డింగులు వెదికి వినండి. మంచుపలకను పైకీ కిందికీ వంచుతూ వంపు తరంగాలుగా సాగే ధ్వనికి మీ నియమమే వర్తిస్తుంది. సన్నని భాగం ముందు పరుగెత్తి వస్తుంది కనుక, దూరాన నిలబడినవాడికి రాయి దెబ్బ టక్కుమని కాక, పైనుంచి కిందికి జారే పక్షికూతలా వినిపిస్తుంది. మీ లోకంలో వీణ తీగ మీటినా, తలుపు తట్టినా, పిడుగు పడినా దూరానికి ఆ పోలికే ఉంటుంది.

కథ మొత్తం ఇప్పుడే తిరగరాయకండి. కావలివాడి అధ్యాయాన్నీ ఊరేగింపు ఘట్టాన్నీ మాత్రం, ఎవరు ఎక్కడ నిలబడి వింటున్నారో ఒక కాగితం మీద పటం గీసుకుని, దూరాలు వేసుకుని, మళ్లీ రాసి పంపండి. పటం కూడా జతపరచండి.

ఇట్లు,
మీ శ్రేయోభిలాషి