పిల్లాడి చెడుకి కారణం చెప్పాలా?

మీ హారర్ కథలో ఎనిమిదేళ్ల పిల్లాడు అంత క్రూరంగా ఎందుకు తయారయ్యాడో చెప్పాలా వద్దా అని అడిగారు. చెప్పకండి. కానీ ఆ కారణం కోసం తల్లి చేత వెతికించండి.

నేను మొదట రాసిన కథలో కొట్టే తండ్రిని పెట్టి, మూడు పేజీల గతం రాశాను. చదివిన స్నేహితురాలు "పాపం పిల్లాడు" అంది, అంతే, భయమన్నదే లేదు. పైగా దెబ్బలు తింటూ పెరిగినా ఎవరికీ హాని చేయని పిల్లలు ఎంతమంది లేరు?

తిరగరాస్తుంటే ఒకటి గుర్తొచ్చింది. నాకు తొమ్మిదేళ్లప్పుడు తమ్ముణ్ణి గదిలో ఉంచి బయట గడియ పెట్టి, వాడు ఏడుస్తుంటే తలుపు పక్కనే కూర్చుని విన్నాను. వాడి మీద కోపమేమీ లేదు, ఏడుపు ఎలా మారుతుందో వినాలనిపించింది. అమ్మ వచ్చి అడిగితే "గడియ దానంతటదే పడింది" అన్నాను, గొంతు కూడా వణకలేదు. అమ్మ సరేనంది గానీ నా వైపు మామూలు కన్నా కాస్త ఎక్కువసేపు చూసింది. ఎందుకు చేశానో నాకు ఇప్పటికీ తెలీదు. కొత్త కథని ఆ చూపు దగ్గరే మొదలుపెట్టాను.

విలియం మార్చ్ 1954 నవల 'ది బ్యాడ్ సీడ్' చదివి చూడండి. ఎనిమిదేళ్ల రోడా హత్యలు చేస్తుంది, అమ్మమ్మ కూడా హంతకురాలే కాబట్టి అది రక్తంలోనే వచ్చిందంటుంది కథ. ఆ వివరణ ఇప్పుడు పేలవంగా అనిపిస్తుంది. కానీ ఇది నా నుంచే దీనికి వచ్చిందా అని తల్లి క్రిస్టీన్ కుమిలిపోయే పేజీలు నన్ను నిద్రపోనివ్వలేదు. నవలలో తల్లి చనిపోయి పిల్ల బతుకుతుంది. 1956 సినిమాలో మాత్రం, నేరానికి శిక్ష పడి తీరాలన్న అప్పటి హాలీవుడ్ నియమాల వల్ల, పిల్ల మీద పిడుగు పడుతుంది. దాంతో చూసేవాళ్లకి టెన్షన్ తీరిపోతుంది, మీరు ఆ పని చేయకండి.

ఇంకొకటి, వాడికి 'సైకోపాత్' అని పేరు పెట్టేయకండి. దానికి దగ్గరగా ఉండే వైద్యుల మాట సంఘవ్యతిరేక వ్యక్తిత్వ రుగ్మత, దాన్ని డాక్టర్లు కూడా 18 ఏళ్లు నిండనివాళ్లకి నిర్ధారించరు.

నా కథ చివర్లో తల్లి చిన్నవాణ్ణి తన గదిలో పడుకోబెట్టుకుని లోపల గడియ పెడుతుంది. పెద్దవాడు పక్క గదిలోంచి ఆ చప్పుడు వింటాడు.