పసిమి ఛాయ పెళ్లికూతురికి పెద్దమ్మ ఉత్తరం

చి.ల.సౌ. అమ్మలుకు పెద్దమ్మ ఆశీర్వదించి రాస్తున్న ఉత్తరం.

నువ్వు పంపిన నాలుగు ఫొటోలూ చూశాను. ట్రయల్ పేరుతో ఆ అమ్మాయి నీకు వేసిన మేకప్ చూసి నా మనసు చివుక్కుమంది. అసలే నీది పసిమి ఛాయ. దాని మీద ఇంకా తెల్లటి ఫౌండేషన్ పూసింది. ముఖం సున్నం వేసిన గోడలా ఉంది, మెడ వేరే మనిషిదిలా ఉంది. కాకినాడలో 28 ఏళ్లు పెళ్లికూతుళ్లను ముస్తాబు చేసినదాన్ని, నా చెల్లెలి కూతురు పీటల మీద అలా కూర్చుంటే చూడలేను. ఫోనులో చెబితే సగం మరిచిపోతావని రాస్తున్నాను. ఆ అమ్మాయికి కూడా చదివి వినిపించు.

తెల్లగా ఉన్నవాళ్లకు మేకప్ తేలిక అనుకుంటారు. నిజానికి వాళ్లకే ఎక్కువ జాగ్రత్త కావాలి. నీలాంటి చర్మం మీద ప్రతిదీ బయటపడుతుంది. ముక్కు పక్కన ఎరుపు, కంటి కింద నీలం, థ్రెడింగ్ చేసిన చోట కందిన గీత, అన్నీ కనిపిస్తాయి. వాటిని దాచాలని ముఖమంతా మందంగా మెత్తితే ఉన్న కళ కాస్తా పోతుంది. ఎక్కడ మచ్చ ఉందో అక్కడే సరిచేయించుకో. ఎర్రదనం మీద ఆకుపచ్చ కన్సీలర్ సూదిమొనంత, కంటి కింద నీలానికి లేత నారింజ రంగుది కొద్దిగా చాలు. మిగతా ముఖానికి తడిపి గట్టిగా పిండిన స్పాంజితో పలచటి ఫౌండేషన్ అద్దించుకో. దగ్గర నుంచి చూస్తే నీ చర్మం నీకు కనిపించాలి. చిన్నప్పటి నుంచీ ముక్కు మీద ఉన్న ఆ పుట్టుమచ్చను మాత్రం ఎవరినీ కప్పనివ్వకు.

ఫౌండేషన్ షేడ్ మణికట్టు మీద చూసి కొనకు. దవడ అంచు నుంచి మెడ మీదికి ఒక గీత గీయించుకుని దుకాణం బయటికి వచ్చి పగటి వెలుగులో అద్దం చూసుకో. ఒక అరగంట ఆగు, కొన్ని ఫౌండేషన్లు ఆరేకొద్దీ ముదురుతాయి. ఆగిన తర్వాత కూడా గీత కనిపించకుండా కలిసిపోయిందే నీ షేడ్. నీ తెలుపులో పసుపు జీర ఉంది, మీ నాన్నమ్మ పోలిక. గులాబీ జీర ఉన్న షేడ్లు నీ ముఖం మీద వేరుగా అతికించినట్టు కనిపిస్తాయి.

పసుపు అంటే గుర్తొచ్చింది. నలుగు పెట్టినప్పుడు ముఖానికి పసుపు దట్టంగా పట్టిస్తే నీ ఒంటికి అది ఒక పట్టాన వదలదు. ఒకసారి నేను ఒక పెళ్లికూతురికి వారం ముందు ట్రయల్‌లో సరిగ్గా కుదిరిన షేడే పెళ్లిరోజు వేస్తే, ముఖం గులాబీగా, మెడా చేతులూ పచ్చగా తేలాయి. ముహూర్తానికి గంట ఉందనగా మొత్తం కడిగించి, రెండు షేడ్లు కలిపి మళ్లీ వేశాను. ఆ అమ్మాయి కళ్లలో కనిపించిన భయం ఇప్పటికీ మరిచిపోలేదు. అందుకే ముఖానికి నలుగు పిండిలో సెనగపిండి, మీగడ ఎక్కువ, పసుపు శాస్త్రానికి కొంచెం వేయమని అమ్మకు చెప్పు. కాళ్లకు ఎంత రాసినా సరే.

మీ ముహూర్తం వైశాఖంలో, రాత్రివేళ. ఉక్కపోత, హోమం పొగ, వీడియో దీపాల వేడి, మూడూ ఒకేసారి మీద పడతాయి. రాత్రిపూట ఎండ నుంచి కాపాడే క్రీము అక్కర్లేదు. అలాంటి కొన్నిటిలో ఉండే జింకు, టైటానియం ఫ్లాష్ వెలుగును వెనక్కి కొట్టి, ఫొటోలో ముఖం పిండి రాసినట్టు వస్తుంది. తెల్లటి పౌడరు దట్టించినా అంతే. నుదుటికీ ముక్కుకూ పలచగా అద్దితే చాలు.

బాసికం కట్టాక దాని దారం కణతల దగ్గర ఒరుసుకుంటుంది. అక్కడ మందంగా ఉంటే చారలు పడతాయి, కనుక కణతల మీద దాదాపు ఏమీ వద్దు. కల్యాణ తిలకం దిద్దే చోట ముందు పౌడరు అద్దాలి, లేకపోతే కుంకుమ జిడ్డులో కలిసి ముక్కు మీదికి దిగుతుంది. జీలకర్రా బెల్లం పెట్టాక బెల్లం కరిగి పాపిట వెంట నుదుటికి జారుతుంది. తలంబ్రాల పసుపు చెమట బుగ్గలకు అంటుకుంటుంది. ఇవన్నీ జరిగేవే, జరగాల్సినవే, కంగారు పడకు. తోడు పెళ్లికూతురి చేతిలో చిన్న సంచి ఉంచు. అందులో మెత్తటి కాగితం రుమాళ్లు, శుభ్రమైన స్పాంజి, లిప్‌స్టిక్ ఉంటే చాలు. ముందు చెమట అద్ది తీయాలి, ఆ తర్వాతే పౌడరు. చెమట మీదే పౌడరు వేస్తే ముద్దలు కడుతుంది.

రంగుల విషయానికొస్తే బుగ్గలకు పీచ్ పండు రంగు క్రీము, పెదవులకు నీ సహజమైన రంగు కన్నా రెండు మెట్లు ముదురు గులాబీ. కనుబొమలకు నల్ల పెన్సిల్ వద్దు, ముదురు గోధుమ రంగు వాడమను. తెల్లటి ముఖం మీద నలుపు గీసినట్టు కొట్టొస్తుంది. నలుపంతా కాటుకకీ బుగ్గచుక్కకీ ఉంచు. పట్టుచీరలో సరిపోయిన ముఖం మధుపర్కాలు కట్టుకున్నాక వెలవెలబోతుంది, తెల్లచీర వెలుగు అలాంటిది. చీర మార్చుకోగానే బుగ్గలకూ పెదవులకూ ఇంకొక్కసారి రంగు అద్దించుకో.

చివరి పది రోజులు బ్లీచ్, కొత్త ఫేషియల్ జోలికి పోకు. థ్రెడింగ్ మూడు నాలుగు రోజుల ముందే ముగించు. వారంలో తెల్లబరుస్తుందని ఎవరైనా మందుల షాపు క్రీము ఇస్తే తీసుకోకు తల్లీ. అలాంటి వాటిలో చాలాసార్లు స్టెరాయిడ్ ఉంటుంది. చర్మం పలచబడి, ఎండ తగిలితే కందిపోయి, మానేస్తే మొటిమలు పొక్కిన అమ్మాయిలను నా కళ్లతో చూశాను.

అప్పగింతలప్పుడు ఏడుపు వస్తుంది, ఆపుకోకు. మస్కారా తడికి చెదరనిది వేయించుకో. కన్నీళ్లు తుడవకుండా రుమాలు మడతతో అద్దుకో.

ఆదివారం మళ్లీ ట్రయల్ పెట్టమను. పెళ్లి జాకెట్టు వేసుకుని, కిటికీ పక్కన ఒకటి, రాత్రి ఫ్లాష్‌తో ఒకటి ఫొటో తీసి పంపు. మెడా చెవులూ కనిపించేలా తీయించు. ఇంటికి పోగానే ముఖం కడిగేసుకోకు, మూడు గంటలు అలాగే ఉండి ఇంకొక ఫొటో కూడా పంపు.

ఇట్లు
నీ పెద్దమ్మ