ఊహల ఊరికి నీళ్ళెక్కడివి?

ప్రశ్న: అక్కా, మేం ఈమధ్యే తిరుపతి నుంచి ఒహాయో వచ్చాం. బాబు ఆరో తరగతి. స్కూల్లో ఒక ఊహా నగరం తయారుచేసి తెమ్మన్నారు. మ్యాపు, చరిత్ర, అక్కడి మనుషులు, భవనాలు అన్నీ వాడే కల్పించాలట. ఒక భవనానికి మోడల్ కూడా కట్టాలి. వాడేమో కోటలు, డ్రాగన్లు గీయడం, చింపేయడం. ఇంటర్నెట్‌లో చూసి మేమే రాసిచ్చేద్దామా? ఒకటే టెన్షన్.

జవాబు: రాసివ్వద్దమ్మా. మన దగ్గర ప్రాజెక్టంటే చార్టు కొనడం, బొమ్మలు అతికించడం, నాన్న చేత హెడ్డింగులు రాయించడం. అక్కడ కాపీ కొట్టడాన్ని పెద్ద తప్పుగా చూస్తారు. పిల్లవాడి రాత ఎలా ఉంటుందో టీచర్‌కి తెలుసు. పైగా క్లాసులో నిలబడి చెప్పాల్సింది వాడే. దేనికి ఎన్ని మార్కులో చెప్పే రూబ్రిక్ కాగితం ఒకటి ఇచ్చే ఉంటారు, బ్యాగులో వెతకండి. ఇవ్వకపోతే టీచర్‌కి ఈమెయిల్ పెట్టి అడగండి. అక్కడ అలా అడగడం మామూలే, మొహమాటపడకండి.

ఇక డ్రాగన్ సంగతి. ఉండనివ్వండి, దానివల్ల నష్టం లేదు. కానీ అంత పెద్ద కోటలో జనం ఏం తాగుతారు? ఏం పని చేసి బతుకుతారు? వాళ్ళమీద అధికారం ఎవరిది, అది ఎవరికి గిట్టదు? వాడు చింపేస్తున్నది బొమ్మ కుదరక కాదనుకుంటాను, ఆ ఊరు అక్కడ ఎందుకుందో తేలక. నేను సెలవులకు తిరుపతి వచ్చి ఉన్నాను, జాతర రోజులు కూడాను. మీవాడు చూసిన ఊళ్ళోనే ఈ ప్రశ్నలన్నిటికీ జవాబులున్నాయని రోజూ అనిపిస్తోంది.

దేవుడు కొండ మీద, ఊరు కొండ కింద. వచ్చినవాళ్ళు తినాలి, పడుకోవాలి, మొక్కు తీర్చుకోవాలి. రామానుజాచార్యులు 12వ శతాబ్దంలో గోవిందరాజ స్వామిని ప్రతిష్ఠించారనీ, ఆ గుడి చుట్టూ వీధులు పెరిగాయనీ పెద్దలు చెబుతారు. వానాకాలంలో కపిలతీర్థం దగ్గర కొండ మీంచి నీళ్ళు దూకుతాయి. అలిపిరి నుంచి సుమారు 3,550 మెట్లు. 1944లో మొదటి ఘాట్ రోడ్డు పడేదాకా కాలినడకో డోలీయో తప్ప దారి లేదు. రోడ్డు వచ్చాక డోలీ మోసినవాళ్ళు ఏమయ్యారని బాబును అడిగి చూడండి. వాడి ఊహా నగరానికి చరిత్ర అక్కడే మొదలవుతుంది.

బతుకుతెరువు విషయానికొస్తే, భక్తులు సమర్పించిన తలనీలాలను దేవస్థానం వేలం వేస్తుంది, అవి విగ్గులకు వెళతాయి. జుట్టు అమ్మి సంపాదించే ఊరని ఏ పిల్లవాడైనా కల్పించి రాస్తే అతి చేశాడంటారు. ఇక్కడ అది మామూలు సంగతి.

పాలన కూడా అంతే. రాత్రిళ్ళు వెంకటేశ్వరస్వామి, ఉత్తరాది నుంచి వచ్చిన హాథీరాంజీ బావాజీ అనే బైరాగితో పాచికలాడేవాడని కథ. నమ్మని అధికారులు బావాజీని ఒక గదిలో బంధించి, తెల్లారేలోగా బండెడు చెరకు తినమంటే, స్వామి ఏనుగై వచ్చి తినేశాడట. కథ అలా ఉంచితే, 1843 నుంచి 1933 వరకు తిరుమల ఆలయ నిర్వాహకులు నిజంగానే ఆ బావాజీ పేరిట ఉన్న మఠం అధిపతులు, అంటే మహంతులు. అంతకుముందు ఈస్టిండియా కంపెనీ చూసుకునేది. కంపెనీ దొరలు, ఉత్తరాది బైరాగులు, ఆ తర్వాత దేవస్థానం. ఇన్ని చేతులు మారిన ఊరిని వట్టి ఊహతో అల్లడం నాకైతే చేతకాదు.

మనుషుల గురించి రాయాల్సినచోట తాతయ్యగుంట గంగమ్మ జాతర గుర్తు చేయండి. ఆడవాళ్ళను వేధించిన పాలెగాడు దాక్కుంటే, అమ్మవారు రోజుకో వేషంలో వెతికి, చివరికి దొర వేషంలో వచ్చి వాడి అంతు చూసిందంటారు. అందుకే బైరాగి, బండ, తోటి, దొర, మాతంగి వేషాలు. బండ వేషంలో బూతులు తిట్టినా ఎవరూ ఏమీ అనుకోరు. ఆ ముక్క స్కూలు కాగితంలో వద్దులెండి! మగవాళ్ళు చీరలు కట్టుకుని వీధుల్లో తిరుగుతారు. ఊరి పండగకు కారణం ఊరి పాత గాయంలోనే ఉందని పదకొండేళ్ళవాడికి ఇంతకంటే బాగా ఎలా చెబుతాం?

మోడల్‌కి చంద్రగిరి రాజమహల్‌ని మించింది నాకు తోచలేదు. మూడంతస్తులు, వరసగా కమానులు, పైన శిఖరాలు. రాయి, ఇటుక, సున్నంతోనే నిలబెట్టారు, కలప వాడలేదు. సీరియల్ డబ్బాల అట్టతో కమానులు కత్తిరించుకోవచ్చు, ఖరీదైన కిట్లు కొనకండి. 1565 యుద్ధంలో ఓడిన విజయనగర రాజులు పెనుకొండకూ, తర్వాత చంద్రగిరికీ రాజధానిని మార్చుకున్నారని చెబితే, భవనంతోపాటు ఆ భవనం అవసరం కూడా వాడికి తెలుస్తుంది.

అయితే ఒక జాగ్రత్త. ఇవన్నీ ఉన్నవున్నట్టు దించేస్తే అది ఊహా నగరం కాదు, సోషల్ పాఠం. పేర్లు మార్చాలి, కొండను లోయ చేయాలి, మెట్ల దారిని సొరంగం చేయాలి. మెట్టు మెట్టుకూ డ్రాగన్ సుంకం వసూలు చేస్తుందంటే నేనూ ఒప్పుకుంటాను. స్వామిని మాత్రం పాత్ర చేయవద్దనండి. టీచర్ ఏమీ అనరు గానీ, ఇక్కడ అవ్వాతాతలు నొచ్చుకుంటారు.

వాళ్ళకు ఫోన్ కూడా వాడి చేతే చేయించండి. ఇప్పుడు మీకు శనివారం రాత్రి తొమ్మిదైతే ఇక్కడ ఆదివారం ఉదయం ఆరున్నర, కాఫీ వేళ. ఘాట్ రోడ్డు పడకముందు కొండెక్కినవాళ్ళ కబుర్లు వాడే అడగాలి, నోట్సు కూడా వాడే రాసుకోవాలి. మీరు పక్కన కూర్చుని అందించొద్దు. అట్టకు జిగురు పూర్తిగా ఆరడానికి మాత్రం ఒక రాత్రి పడుతుంది, ఆఖరి రోజుదాకా ఆగకండి.