ఆ పెనాల్టీ మళ్లీ కొట్టించాల్సింది

ప్రశ్న: మా అబ్బాయి సమర్‌ఖండ్‌లో ఎంబీబీఎస్ చదువుతున్నాడు. 2025 జూన్ 5 రాత్రి ఫోన్ చేసి, ఊరు ఊరంతా రోడ్ల మీదికి వచ్చేసింది, కారు హారన్లకి నిద్ర లేదు అన్నాడు. ఉజ్బెకిస్తాన్ మొదటిసారి ఫుట్‌బాల్ వరల్డ్ కప్‌కి వెళ్తోందట. వాళ్ల ఇంటి ఓనరు పెద్దాయన మాత్రం టీవీ ముందు నుంచి లేవకుండా ‘జెపరోవ్, జెపరోవ్’ అంటూ కళ్లు తుడుచుకున్నాడట. ఆ రోజు ఆడినవాళ్లలో అలాంటి పేరే లేదంటున్నాడు మావాడు. ఎవరండీ అతను?
– ఒక తల్లి, ఖమ్మం

జవాబు: అమ్మా, మీ ఉత్తరం చదివాక నాకు ఆ పెద్దాయనతో కూర్చుని ఒక పూట మాట్లాడాలనిపించింది. మావాడికి తెలియలేదు అన్నారు గానీ, అందులో మీ అబ్బాయి తప్పేం లేదు. సెర్వర్ జెపరోవ్ ఆట మానేసి చాలా ఏళ్లయింది. కానీ నలభై దాటిన ఉజ్బెక్ ఎవరినైనా ఆ పేరు చెప్పి కదిపి చూడమనండి.

జెపరోవ్ 1982 అక్టోబర్ 3న చిర్చిక్‌లో పుట్టాడు. తాష్కెంట్‌కి దగ్గర్లో ఉన్న ఫ్యాక్టరీల ఊరు అది. వాళ్లది క్రిమియా తాతార్ కుటుంబం. 1944లో స్టాలిన్ ప్రభుత్వం క్రిమియాలోని తాతార్లందరినీ రెండు మూడు రోజుల్లోనే రైళ్లెక్కించి మధ్య ఆసియాకి పంపేసింది. చాలామంది ఉజ్బెకిస్తాన్‌లోనే ఉండిపోయారు. ఆ జనం పిల్లల్లో ఒకడు ఆ దేశం చొక్కా వేసుకుని 128 మ్యాచ్‌లు ఆడాడు, 25 గోల్స్ కొట్టాడు.

మొదట నమన్‌గాన్ ఊరి జట్టు నవ్‌బహోర్‌లో ఆడాడు. 2002లో తాష్కెంట్ జట్టు పఖ్తకోర్‌కి వచ్చాడు. పఖ్తకోర్ అంటే పత్తి రైతు. మీ ఖమ్మం వాళ్లకి పత్తి గురించి నేను చెప్పక్కర్లేదు. అక్కడ జట్టు బ్యాడ్జీ మీద కూడా పత్తే ఉంటుంది. 1979 ఆగస్టులో రెండు విమానాలు గాల్లోనే గుద్దుకుని ఆ జట్టువాళ్లు 17 మంది పోయారు. అంత దెబ్బ తిన్న జట్టు మళ్లీ నిలబడింది. జెపరోవ్ ఉన్న ఆరేళ్లూ, 2002 నుంచి 2007 దాకా, వరసగా లీగ్ గెలిచింది. తర్వాత బున్యోద్‌కోర్ అనే కొత్త జట్టుకి మారాడు. డబ్బున్న జట్టు. బ్రెజిల్ నుంచి రివాల్డోనే తెచ్చుకున్నారు. ప్రపంచ కప్పు గెలిచిన రివాల్డో పక్కన ఆడుతూనే 2008లో ఆసియా ఉత్తమ ఆటగాడి అవార్డు తీసుకున్నాడు జెపరోవ్. ఉజ్బెకిస్తాన్‌కి అది మొదటిసారి. 2011లో మళ్లీ అతనికే వచ్చింది. ఆ అవార్డు అధికారికంగా ఇవ్వడం మొదలైన 1994 నుంచి అప్పటిదాకా రెండుసార్లు గెలిచింది జపాన్ ఆటగాడు నకాటా ఒక్కడే.

మధ్యలో సియోల్‌కి వెళ్లి 2010 కొరియా లీగ్ గెలిచిన జట్టులో ఉన్నాడు. సౌదీలో అల్ షబాబ్‌కి ఆడినప్పుడు ఆ జట్టు 2011-12 సీజన్ మొత్తం ఒక్క మ్యాచ్ కూడా ఓడకుండా లీగ్ గెలిచింది. ఆ తర్వాత మళ్లీ కొరియా, ఇరాన్, కజకిస్తాన్. ఇన్ని ఊళ్లు తిరిగాడు, ఇన్ని గెలిచాడు. వరల్డ్ కప్ మాత్రం ఆడలేదు. ఆ పెద్దాయన కన్నీళ్లు అందుకే. ఎందుకు ఆడలేకపోయాడో కింది ప్రశ్నలో ఉంది, చదవండి.

ప్రశ్న: పెనాల్టీ గోల్ అయ్యాక రెఫరీ తప్పు చేశాడని మొత్తం మ్యాచ్‌నే మళ్లీ ఆడించారని ఎక్కడో విన్నాను. గల్లీ క్రికెట్‌లో కూడా అలా చేయరు కదా! నిజమేనా?
– ఒక డిగ్రీ విద్యార్థి, కాకినాడ

జవాబు: నిజమే బాబూ. 2005 సెప్టెంబర్ 3, తాష్కెంట్. ఆ పెనాల్టీ కొట్టింది పైన చెప్పిన జెపరోవే. అప్పటికి అతనికి ఇంకా 23 నిండలేదు.

ఉజ్బెకిస్తాన్, బహ్రెయిన్ రెండు మ్యాచ్‌లు ఆడాలి, ఒకటి ఇక్కడ, ఒకటి అక్కడ. గెలిచినవాళ్లు ట్రినిడాడ్ అండ్ టొబాగోతో ఇంకో రెండు మ్యాచ్‌లు ఆడి, అవీ గెలిస్తే 2006లో జర్మనీలో జరిగే వరల్డ్ కప్‌కి వెళ్తారు. తాష్కెంట్‌లో మొదటి మ్యాచ్. ఉజ్బెక్‌లు తొందరగానే ఒక గోల్ కొట్టేశారు. ఫస్టాఫ్ చివర్లో పెనాల్టీ దొరికింది. జెపరోవ్ బంతి పెట్టాడు, కొట్టాడు, గోల్. 2-0. స్టేడియం లేచి నిలబడింది. జపాన్ నుంచి వచ్చిన రెఫరీ చెయ్యి మాత్రం వేరే వైపు చూపిస్తోంది. జెపరోవ్ బంతి తన్నకముందే అతని జట్టువాడొకడు బాక్స్‌లోకి అడుగు పెట్టాడు. అందుకని గోల్ రద్దు చేసి, బహ్రెయిన్‌కి ఇన్‌డైరెక్ట్ ఫ్రీ కిక్ ఇచ్చాడు, అంటే ఇంకో ఆటగాడికి తగలకుండా నేరుగా నెట్‌లో పడితే గోల్ కాని ఫ్రీ కిక్.

ఇక్కడ కొంచెం నెమ్మదిగా చదువు. పెనాల్టీ బిందువు గోల్ గీత నుంచి 11 మీటర్లు. బాక్స్ 16.5 మీటర్లు. బాక్స్ ముందు కనిపించే ఆ వంపు గీత, అందరం ‘డీ’ అంటామే, అది బంతికి 9.15 మీటర్ల దూరం చూపించడానికి. కొట్టేవాడు, గోలీ తప్ప మిగతా అందరూ బంతి కదిలేదాకా బాక్స్ బయట, ఆ డీ బయట ఉండాలి. కొట్టే జట్టువాడు ముందే లోపలికొస్తే అప్పటి రూల్ ఇది: బంతి గోల్‌లోకి వెళ్లిందా, పెనాల్టీ మళ్లీ కొట్టించాలి. వెళ్లలేదా, ఎదుటి జట్టుకి ఇన్‌డైరెక్ట్ ఫ్రీ కిక్. ఇంతే. ఆ రోజు బంతి లోపలికెళ్లింది. మళ్లీ కొట్టించాలి. రెఫరీ రెండో సగం రూల్ తెచ్చి మొదటి సగానికి పెట్టాడు.

మ్యాచ్ 1-0తో ముగిసింది. ఉజ్బెకిస్తాన్ ఫిర్యాదు చేసింది, మాకు 3-0 ఇవ్వండి అని. ఫిఫా తప్పు జరిగిందని ఒప్పుకుంది. కానీ 3-0 ఇవ్వలేదు. మ్యాచ్ మొత్తం రద్దు చేసి మళ్లీ మొదటి నుంచి ఆడమంది. అంటే అన్యాయం జరిగినవాళ్లే గెలిచిన 1-0 కూడా పోగొట్టుకున్నారు! నోటికాడి కూడు లాగేయడం అంటే ఇదే. అక్టోబర్ 8న అదే ఊళ్లో మళ్లీ ఆడారు. అంతకు అయిదు రోజుల ముందే జెపరోవ్‌కి 23 నిండాయి. ఈసారి 1-1. నాలుగు రోజుల తర్వాత మనామాలో 0-0. పరాయి ఊళ్లో కొట్టిన గోల్‌కి విలువ ఎక్కువ అనే లెక్కతో బహ్రెయిన్ ముందుకెళ్లింది. వాళ్లూ ట్రినిడాడ్ చేతిలో ఓడిపోయారనుకో, అది వేరే కథ.

నేను 27 ఏళ్లు హైదరాబాద్‌లోనూ జిల్లాల్లోనూ విజిల్ ఊదాను. ఆ వార్త పేపర్లో చిన్నగా వచ్చింది, పేజీ కింద నాలుగు లైన్లు. చదివి అలమరలోంచి రూల్ బుక్ తీసి పద్నాలుగో రూలు మళ్లీ చదివాను. అందులో ఏముందో నాకు తెలుసు. అయినా ఎందుకు చదివానంటే, నేనూ ఒకసారి అలాంటి పని చేశాను. ఒక జిల్లా లీగ్ మ్యాచ్, ఇన్‌డైరెక్ట్ ఫ్రీ కిక్. అది కొట్టేటప్పుడు రెఫరీ చెయ్యి పైకెత్తి ఉంచాలి, బంతి రెండో ఆటగాడికి తగిలేదాకా. నేను ఎత్తడం మర్చిపోయాను. బంతి ఎవరికీ తగలకుండా నేరుగా నెట్‌లో పడింది. గోల్ అని విజిల్ ఊదేశాను. గోలీ చిన్న కుర్రాడు, పదహారేళ్లుంటాయి. అరవలేదు, నన్ను తిట్టలేదు. తన చెయ్యి పైకెత్తి నాకు చూపించాడు, నేను ఎత్తాల్సిన చెయ్యి. నాకప్పుడు అర్థం కాలేదు. మ్యాచ్ అయ్యాక నేను షూ లేసులు విప్పుకుంటుంటే వచ్చి, ‘సార్, అది ఎవరికీ తగల్లేదు సార్’ అన్నాడు. అప్పుడు వెలిగింది. 1-0 తేడాతో ఓడిపోయారు వాళ్లు. జిల్లా మ్యాచ్‌ని మళ్లీ ఆడించేవాళ్లు ఎవరుంటారు? ఆ పిల్లాడి చెయ్యి ఇప్పటికీ నా కళ్ల ముందు ఉంటుంది. అందుకే ఆ జపాన్ రెఫరీని తిట్టడానికి నాకు నోరు రాదు. కానీ మ్యాచ్ అక్కడి నుంచే, ఆ పెనాల్టీ దగ్గర నుంచే, 1-0 స్కోరుతో మొదలుపెట్టించి ఉండాల్సింది అనే నా మాట మీద మాత్రం నేను ఇరవై ఏళ్లుగా నిలబడే ఉన్నాను.

ఇంకో మాట. 2024-25 నుంచి రూల్ మారింది. ఇప్పుడు జట్టువాడు ముందే లోపలికొచ్చినా, దాని వల్ల గోలీకి ఇబ్బంది కలిగితేనో, వచ్చినవాడు తర్వాత బంతి ఆడితేనో తప్ప పట్టించుకోరు. ఎవరినీ అడ్డుకోకుండా లోపలికొచ్చి ఉంటే ఈరోజు ఆ గోల్ గోలే.

ప్రశ్న: 2005 తర్వాత ఇరవై ఏళ్లు పట్టిందా వాళ్లకి? మధ్యలో దగ్గరికి రాలేదా?
– వరంగల్ నుంచి ఒక ఉపాధ్యాయుడు

జవాబు: వచ్చారు మాష్టారూ, వెంట్రుక వాసి దాకా వచ్చారు. 2014 వరల్డ్ కప్ క్వాలిఫయర్స్, చివరి రోజు 2013 జూన్ 18. ఉజ్బెకిస్తాన్ 5-1తో ఖతర్‌ని కొట్టింది. అదే రోజు కొరియా ఇరాన్ చేతిలో ఓడింది. ఇద్దరికీ 14 పాయింట్లు. కొరియా 13 గోల్స్ కొట్టి 7 ఇచ్చింది, తేడా 6. ఉజ్బెకిస్తాన్ 11 కొట్టి 6 ఇచ్చింది, తేడా 5. ఒక్క గోల్ తేడాతో కొరియా వెళ్లింది! అంతకు వారం ముందు సియోల్‌లో కొరియా చేతిలో 0-1తో ఓడిపోయారు, అదీ తమవాడే తమ గోల్‌లోకి కొట్టుకున్న గోల్‌తో. అప్పుడు జెపరోవ్ జీతం తీసుకుంటున్నది కొరియాలోనే, సియోంగ్‌నామ్ జట్టులో. ఆ నేల మీద, ఆ జనం మధ్య మళ్లీ ప్రాక్టీసుకి వెళ్లాలి. తలుచుకుంటేనే కష్టంగా ఉంటుంది.

గోరుచుట్టు మీద రోకటిపోటు ఆ సెప్టెంబర్‌లో పడింది. జోర్డాన్‌తో ప్లేఆఫ్: అమ్మాన్‌లో 1-1, తాష్కెంట్‌లో 1-1, పెనాల్టీల్లో 9-8తో జోర్డాన్. మళ్లీ తాష్కెంట్, మళ్లీ పెనాల్టీలు. జెపరోవ్‌కి అప్పుడు 30 దాటాయి.

ఇక 2025 జూన్ 5కి రండి. అబూ ధాబీలో యూఏఈతో 0-0, ఉజ్బెకిస్తాన్‌కి బెర్త్ ఖాయం. అదే రోజు జోర్డాన్ కూడా ఒమన్‌ని కొట్టి మొదటిసారి అర్హత సాధించింది. కొరియా కూడా అదే రోజు. వీళ్లని ఆపిన రెండు జట్లూ, వీళ్లూ ఒకే రోజు! ఆ రోజు ఉజ్బెక్ జట్టుకి కోచ్ తిమూర్ కపాద్జే, జెపరోవ్ పక్కన ఏళ్ల తరబడి మిడ్‌ఫీల్డ్‌లో పరిగెత్తినవాడు. తను ఆడలేని చోటికి పిల్లల్ని తీసుకెళ్లాడు. ఆ అక్టోబర్‌లో కోచ్ పదవి ఇటలీ కన్నవారోకి ఇచ్చారు. 2006లో జర్మనీలో కప్పు ఎత్తిన కెప్టెన్ ఆయనే. జెపరోవ్ వెళ్లాలనుకున్న కప్పు అదే. నా మనసుకి కపాద్జేనే ఉంచాల్సింది అనిపించింది.

మన తరానికి తాష్కెంట్ అంటే 1966 జనవరిలో లాల్ బహదూర్ శాస్త్రిగారు పోయిన ఊరు. ఆయన పేరు పెట్టిన ఎల్బీ స్టేడియంలో నేను ఎన్నో సాయంత్రాలు విజిల్ పట్టుకుని పరిగెత్తాను. ఇప్పుడు తాష్కెంట్ అంటే మా మనవడికి ఫైజుల్లాయెవ్ ఆడిన ఊరు. 2024 జనవరిలో ఆసియా కప్‌లో ఉజ్బెకిస్తాన్ మన ఇండియాని 3-0తో కొట్టినప్పుడు నాలుగో నిమిషంలోనే మొదటి గోల్ కొట్టిన కుర్రాడు. అతనూ పఖ్తకోర్ నుంచే వచ్చాడు, అతనూ పుట్టింది అక్టోబర్ 3నే, 2003లో.

ప్రశ్న: నేను తొమ్మిదో తరగతి. స్కూల్ టీమ్‌లో మిడ్‌ఫీల్డర్‌ని, ఎడమ కాలు. మా సార్ కుడి కాలు నేర్చుకోకపోతే టీమ్‌లో ఉంచను అంటున్నారు. టెన్షన్‌గా ఉంది.
– ఒక అమ్మాయి, నిజామాబాద్

జవాబు: తల్లీ, టెన్షన్ వద్దు. జెపరోవ్‌ది ఎడమ కాలే. ఆ కాలితోనే ఆసియాలో రెండుసార్లు అందరికంటే మంచి ఆటగాడనిపించుకున్నాడు. మీ సార్ చెప్పిందీ వదిలేయకు. రోజూ గోడకేసి కుడి కాలితో వంద పాసులు కొట్టు, పది అడుగుల దూరం నుంచి, మెల్లగా, పాదం లోపలి వైపుతో. రెండు నెలల్లో తేడా నీకే తెలుస్తుంది.

జెపరోవ్ పాత మ్యాచ్‌ల వీడియోలు దొరుకుతాయి. 2011 ఆసియా కప్‌లో ఖతర్‌తో, కువైట్‌తో ఆడినవి చూడు, రెండింటిలోనూ అతని గోల్ ఉంది. ఎనిమిదో నంబర్ చొక్కా. మొదటిసారి చూసేటప్పుడు గోల్స్ కోసం చూడు. రెండోసారి బంతి అతని దగ్గరికి రాకముందు తల ఎన్నిసార్లు అటూ ఇటూ తిప్పాడో లెక్కపెట్టు. తర్వాత నీ మ్యాచ్‌లో నువ్వు ఎన్నిసార్లు తిప్పావో మీ చెల్లినో, ఫ్రెండ్‌నో లెక్కపెట్టమను. ఆ రెండు అంకెలూ కార్డు మీద రాసి నాకు పంపు.