కొత్త కోచ్, తొలి సీజన్: పాఠకుల ప్రశ్నలు

ప్రశ్న: అమెరికాలో మా అబ్బాయి చదివే యూనివర్సిటీ అమెరికన్ ఫుట్‌బాల్ జట్టు పోయినేడు మూడే మ్యాచ్‌లు గెలిచింది. ఇప్పుడు కొత్త హెడ్ కోచ్ వచ్చారు. ఒక్క సీజన్‌లో దశ తిరుగుతుందా?

జవాబు: తిరిగిన జట్టు ఉంది. ఇండియానా యూనివర్సిటీ 2023లో 3 గెలిచి 9 ఓడింది. కోచ్‌గా కర్ట్ సిగ్నెట్టి వచ్చాక 2024లో 11 గెలిచి రెండే ఓడింది. ఆ ఏడాదే 12 జట్లకు పెంచిన ప్లేఆఫ్‌లోకీ, అంటే జాతీయ టైటిల్ కోసం ఆడే నాకౌట్‌లోకీ వెళ్లింది. సిగ్నెట్టి అంతకుముందు పనిచేసిన జేమ్స్ మాడిసన్ యూనివర్సిటీ నుంచి, ఆయన పద్ధతి తెలిసిన పదిమందికి పైగా ఆటగాళ్లు వెంట వచ్చారు. క్వార్టర్‌బ్యాక్ (బంతి అందుకుని దాడిని నడిపేవాడు) కర్టిస్ రూర్క్ ఒహాయో యూనివర్సిటీలో ఏళ్ల తరబడి ఆడినవాడు. అంటే జట్టు కొత్తదే గానీ ఆడినవాళ్లు పాతకాపులు.

అయితే అందరూ ఇండియానాను చూసి ఆశపడితే కష్టం. కొలరాడో 2022లో 12 ఆడి ఒక్కటే గెలిచింది. మరుసటి ఏడు కొత్త కోచ్ డియాన్ శాండర్స్ ట్రాన్స్‌ఫర్ పోర్టల్ (యూనివర్సిటీ మారాలనుకునే ఆటగాళ్లు పేరిచ్చే జాబితా) నుంచి డజన్ల కొద్దీ ఆటగాళ్లను దించారు. తొలి మ్యాచ్‌లోనే టీసీయూ (టెక్సాస్ క్రిస్టియన్ యూనివర్సిటీ) మీద 45-42, వరసగా మూడు విజయాలు. తీరా సీజన్ ముగిసేసరికి లెక్క 4-8, అంటే 4 గెలుపులు, 8 ఓటములు. క్వార్టర్‌బ్యాక్ షెడ్యూర్ శాండర్స్‌ను ఆ ఏడాది 50 సార్లకు పైగా శాక్ చేశారు, అంటే బంతి విసిరేలోపే పడగొట్టారు.

పరుగెత్తేవాళ్లు, క్యాచ్ పట్టేవాళ్లు పోర్టల్‌లో వచ్చినా త్వరగానే పనికొస్తారు. క్వార్టర్‌బ్యాక్‌ను కాపాడే ముందు వరసలోని అయిదుగురి (లైన్‌మెన్) సంగతి అలా కాదు. డిఫెన్స్‌లో ఇద్దరు ఒకరి దారిలోకి ఒకరు దూరారనుకోండి, దాన్నే స్టంట్ అంటారు. అప్పుడు గార్డ్ (ఆ వరసలో మధ్యవాడికి పక్కన నిలబడేవాడు) తన మనిషి వెంట పడకూడదు. అతన్ని పక్కన, వరస చివర ఉన్న టాకిల్‌కి వదిలేసి, అటునుంచి వచ్చేవాణ్ని అందుకోవాలి. చెప్పుకునే వ్యవధి ఉండదు. అర అడుగు వెంటపడ్డా మధ్యలో సందు పడుతుంది, శాక్ ఆ సందులోంచే వస్తుంది. కాబట్టి రోస్టర్ (ఆటగాళ్ల జాబితా) తీస్తే ముందు ఆ అయిదుగురినే చూడండి. కనీసం ముగ్గురు పోయినేడు పక్కపక్కన ఆడినవాళ్లయితే కాస్త ధైర్యంగా ఉండొచ్చు.

ప్రశ్న: పాత ఆటగాళ్లు ఉండగా, కొత్త కోచ్ ఆటతీరు మారిస్తే నష్టమేమిటి?

జవాబు: ఆటతీరు మార్చినంత తేలిగ్గా ఒళ్లు మారదు. జార్జియా టెక్‌లో కోచ్ పాల్ జాన్సన్ 11 సీజన్లు ట్రిపుల్ ఆప్షన్ అనే ఆటతీరు ఆడించారు. బంతి అందగానే క్వార్టర్‌బ్యాక్ ఎదుటివాడి కదలికను బట్టి వెనకున్న ఫుల్‌బ్యాక్‌కి ఇస్తాడు, లేదా తనే పరుగెత్తుతాడు, లేదా పక్కవాడికి విసురుతాడు. దానికి లైన్‌మెన్ వంగి చురుగ్గా ముందుకు దూకాలి. పాస్ ఆటలోనైతే అదే మనిషి వెనక్కి అడుగులేస్తూ మూడు సెకన్లు ఎదుటివాణ్ని ఆపాలి, దానికి బరువు కావాలి. 2018లో 7-6తో ముగించిన జట్టు, 2019లో కొత్త కోచ్ జెఫ్ కాలిన్స్ ఆప్షన్‌ను పక్కనపెట్టాక 3-9కి పడిపోయింది. ఆ సెప్టెంబరులో ద సిటడెల్ అనే దిగువ శ్రేణి జట్టు వాళ్లను ఓవర్‌టైమ్‌లో 27-24తో ఓడించింది. సిటడెల్ ఆడిందేమో వీళ్లు వదిలేసిన ఆప్షనే!

పైగా వ్యవధి తక్కువ. వసంతంలో 15 ప్రాక్టీసులు. సీజన్ మొదలయ్యాక వారానికి 20 గంటలు, అందులో ఒకరోజు తప్పనిసరి సెలవు. ఇంతలో ప్లేబుక్ (జట్టు ఆడే ఎత్తుల పుస్తకం) అంతా ఎక్కించాలని చూసే కోచ్ దెబ్బతింటారు. నాలుగైదు రన్ ప్లేలు, అన్నే పాస్ ప్లేలు గట్టిగా నేర్పి, వాటినే రకరకాల ఫార్మేషన్లలో (ఆటగాళ్లు నిలబడే అమరికల్లో) ఆడించేవారే నయం.

ప్రశ్న: స్టేడియంలో కూర్చున్నప్పుడు కోచ్ పని ఎలా ఉందో ఎలా తెలుస్తుంది?

జవాబు: బంతిని వదిలేసి ప్లే క్లాక్ చూడండి, తర్వాతి ప్లే మొదలెట్టడానికి ఉన్న గడువు చూపేది అదే. అది 40 సెకన్ల నుంచి దిగుతుంది. 2024 నుంచి మైదానంలో ఒక ఆటగాడి హెల్మెట్‌లో కోచ్ మాట వినబడుతోంది, క్లాక్ 15కి రాగానే తెగిపోతుంది. అప్పటికీ క్వార్టర్‌బ్యాక్ సైడ్‌లైన్ వైపు చేతులూపుతున్నాడంటే పాఠం ఎక్కలేదన్నమాట. తర్వాత వచ్చేది డిలే ఆఫ్ గేమ్ (గడువు దాటడం), లేకపోతే కంగారులో ఫాల్స్ స్టార్ట్ (బంతి కంటే ముందే కదలడం). దేనికైనా 5 గజాలు పోతాయి. థర్డ్ డౌన్‌లో (10 గజాలు సాధించడానికి ఉండే నాలుగు ప్రయత్నాల్లో మూడోదానిలో) 4 గజాలు కావాల్సింది 9 అయితే, పాస్ వస్తుందని డిఫెన్స్‌కి ముందే తెలిసిపోతుంది. మా లెక్కలో హోల్డింగ్ (ఎదుటివాణ్ని చేత్తో పట్టి ఆపడం) ఆటగాడి తప్పు, బంతి కదలకముందు పడే పెనాల్టీ కోచ్ తప్పు. మొదటి రెండు మ్యాచ్‌ల్లో సరే, నవంబరులోనూ అవే పడుతుంటే క్షమించక్కర్లేదు.

ప్రశ్న: ఆరు గెలిస్తే బౌల్ మ్యాచ్ (సీజన్ అయ్యాక ఆడే అదనపు మ్యాచ్) ఖాయమా?

జవాబు: 12లో 6 గెలిస్తే అర్హత వస్తుంది. కాకపోతే ఎఫ్‌సీఎస్ అనే దిగువ శ్రేణి జట్ల మీద ఎన్ని గెలిచినా లెక్కకొచ్చేది ఒక్కటే.

ప్రశ్న: కొత్తగా చేరిన కుర్రాడు నాలుగు మ్యాచ్‌లు ఆడి మాయమయ్యాడు. గాయమా?

జవాబు: రెడ్‌షర్ట్ కావచ్చు, అంటే ఆడటానికి ఉన్న ఏళ్లలో ఒకటి ఖర్చు కాకుండా దాచుకోవడం. 2018లో వచ్చిన నిబంధన ప్రకారం సీజన్‌లో నాలుగు మ్యాచ్‌ల వరకు ఆడినా ఆ ఏడాది అతని అర్హతలోంచి తరగదు. అయిదో మ్యాచ్‌లో ఒక్క ప్లే ఆడినా ఏడాది ఖర్చయినట్టే. తెలివైన కోచ్ ఆ నాలుగింటిలో రెండు మూడు నవంబరుకి దాచుకుంటారు, అప్పటికి గాయాలతో జట్టు పల్చబడుతుంది కదా. అదే ఒక సీనియర్ సరిగ్గా నాలుగో మ్యాచ్ దగ్గర ఆగిపోతే మాత్రం, ఆ ఏడాది మిగుల్చుకుని వేరే యూనివర్సిటీ వెతుక్కుంటున్నాడేమోనని అనుమానించొచ్చు.