జీతం సంగతి సరే, ఆ సంస్థలో ‘కాదు’ అనగలిగేది ఎవరు?

ప్రశ్న: మేము వనస్థలిపురంలో ఉంటాం. మా అమ్మాయి ఈసీఈలో బీటెక్ చేసి, మూడేళ్లుగా గచ్చిబౌలిలో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేస్తోంది. దాన్ని వదిలేసి, ఒక పారిశ్రామికవేత్త పెట్టిన ఫౌండేషన్‌లో ప్రభుత్వ పాఠశాలల ప్రాజెక్టుకు ప్రోగ్రామ్ మేనేజర్‌గా చేరతానంటోంది. జీతం మూడో వంతు తగ్గుతుంది. ‘ఇది దానధర్మాల వ్యవహారం కాదు నాన్నా, కంపెనీలో లాగే లక్ష్యాలూ లెక్కలూ ఉంటాయి’ అంటోంది. కోటీశ్వరుల పేరు కోసం నడిచే చోట మా పిల్లకు భవిష్యత్తు ఉంటుందా?

జవాబు: మీరు అడిగినవి రెండు ప్రశ్నలు. ఈ రంగంలో బతుకుతెరువు ఉందా అన్నది మొదటిది. దానికి సమాధానం చిన్నదే: ఉంది. కంపెనీల చట్టం 2013లోని 135వ సెక్షన్ ప్రకారం, నికర విలువ 500 కోట్లు గానీ, టర్నోవర్ 1,000 కోట్లు గానీ, నికర లాభం 5 కోట్లు గానీ దాటిన కంపెనీలు గత మూడేళ్ల సగటు లాభంలో కనీసం 2 శాతాన్ని సామాజిక బాధ్యత కింద ఖర్చు పెట్టాలి. 2021లో వచ్చిన నిబంధనల ప్రకారం, ఈ బాధ్యత సగటున ఏడాదికి 10 కోట్లకు చేరిన కంపెనీలు తమ పెద్ద ప్రాజెక్టుల ఫలితాలను బయటి సంస్థతో మదింపు చేయించాలి. అందువల్ల డేటా చదవగలిగి, పల్లెకు వెళ్లి మాట్లాడగలిగే మనిషికి పని దొరుకుతుంది. సాఫ్ట్‌వేర్ జీతంతో పోటీ మాత్రం ఎప్పటికీ ఉండదు. ఆ ఆశ ఉంటే ఇప్పుడే వదులుకోవడం మేలు.

రెండో ప్రశ్న, అంటే ఇదంతా పేరు కోసమేనా అన్నది, మీరు అడిగిన తీరుకంటే కాస్త చిక్కుగా ఉంటుంది. సత్రాలు కట్టించడం, అన్నదానం చేయడం మనకు కొత్త కాదు. అయితే వ్యాపారంలో గడించినవారు అదే బుద్ధితో, అంటే పెట్టుబడికి ఫలితం ఎంత అని అడుగుతూ దానం చేయడాన్ని 2006లో ‘ది ఎకనామిస్ట్’ పత్రిక ‘ఫిలాంత్రోక్యాపిటలిజం’ అని పిలిచింది. మీ అమ్మాయి చెబుతున్నది దీని గురించే, ఆ మాటలో నిజం కూడా ఉంది. రాజస్థాన్‌లోని భిల్వాడా జిల్లాలో 2015 నుంచి 2018 వరకు ‘ఎడ్యుకేట్ గర్ల్స్’ అనే సంస్థ బాలికల చదువు కోసం పనిచేసినప్పుడు ఒక ఫౌండేషన్ ముందుగా డబ్బు పెట్టింది, బయటి సంస్థ పిల్లలకు పరీక్షలు పెట్టి ఫలితం తేల్చింది, ఆ ఫలితం వచ్చిన తర్వాతే మరో ఫౌండేషన్ ఆ సొమ్మును ప్రతిఫలంతో సహా తిరిగి చెల్లించింది. చదువులో పెట్టుకున్న లక్ష్యానికి 160 శాతం సాధించారు. ఆ సంస్థ సిబ్బందీ వాలంటీర్లూ మధ్యలో లోటుపాట్లు చూసి పద్ధతి మార్చుకోగలిగారంటే, లెక్క పక్కాగా ఉండటం అందుకు కొంత కారణం.

మన ఊరి ఉదాహరణే కావాలంటే 108 ఉంది. 2005 ఆగస్టు 15న హైదరాబాద్‌లో సత్యం కంప్యూటర్స్ అధిపతి కుటుంబం చొరవతో మొదలైన ఆ అంబులెన్సు సేవ, కాల్ సెంటరును నడిపినంత క్రమశిక్షణతో ప్రమాద బాధితుల దగ్గరికి చేరింది. 2009 జనవరిలో ఆ కంపెనీ ఖాతాల మోసం బయటపడినప్పుడు అంబులెన్సులు ఆగిపోలేదు. నిర్వహణ ఖర్చులో అత్యధిక భాగాన్ని అప్పటికే ప్రభుత్వం భరిస్తుండటం, దాత స్థానంలోకి జీవీకే గ్రూపు రావడం అందుకు కారణాలు. ఇదే సేవ ఒక్క మనిషి షేర్ల విలువ మీద మాత్రమే ఆధారపడి ఉంటే ఏమయ్యేదో ఊహించడానికి పెద్దగా కష్టపడక్కర్లేదు.

లెక్కలు మోసగించే తీరు కూడా మనకు ఇక్కడే తెలిసింది. పేదలకు చిన్న అప్పులిచ్చి వారినీ బాగుచేయవచ్చు, మదుపరులకూ లాభం చూపవచ్చు అన్న ఆలోచనకు ఒకప్పుడు హైదరాబాదే కేంద్రం. లాభాపేక్ష లేని సంస్థగా మొదలైన ఎస్‌కేఎస్ మైక్రోఫైనాన్స్ 2010 ఆగస్టులో స్టాక్ మార్కెట్‌కు వెళ్లింది. అక్టోబరులో, ఆత్మహత్యల వార్తల మధ్య, సూక్ష్మరుణ సంస్థల వసూళ్ల తీరును కట్టడి చేస్తూ నాటి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఆర్డినెన్స్ తెచ్చింది. అది దానం కాదు, వ్యాపారమే అని మీరు అనవచ్చు, నిజమే. కానీ నమ్మకం ఒకటే: అంకె బాగుంటే పని బాగున్నట్టు. ఆ రంగమంతా గొప్పగా చూపిన అంకె వాయిదాల చెల్లింపు శాతం. ఒక కంపెనీ వాయిదా కట్టడానికి మహిళలు మరో కంపెనీ దగ్గర అప్పు తీసుకుంటున్నారా, సంఘంలో ఒకరు కట్టలేకపోతే మిగతావాళ్లు ఆమె ఇంటి ముందు కూర్చుంటున్నారా అన్నది ఆ అంకెలో కనిపించదు.

ఖమ్మం జిల్లా సంగతి ఇంకా సున్నితమైనది. గేట్స్ ఫౌండేషన్ నిధులతో పాత్ అనే సంస్థ 2009లో గిరిజన బాలికలు ఎక్కువగా ఉన్న ప్రాంతాల్లో గర్భాశయ ముఖద్వార క్యాన్సర్ టీకా ప్రాజెక్టు చేపట్టింది. కొందరు బాలికలు మరణించడంతో 2010 ఏప్రిల్‌లో దాన్ని ఆపేశారు. ఆ మరణాలకు టీకాతో సంబంధం ఉన్నట్టు విచారణలో తేలలేదు. టీకా మీద అనుమానం పెంచడం నా ఉద్దేశం కాదు. అయితే చాలాచోట్ల తల్లిదండ్రుల బదులు హాస్టల్ వార్డెన్లు అంగీకార పత్రాల మీద సంతకం చేసినట్టు బయటపడింది. మంచి పని త్వరగా కావాలన్న తొందరలో ముందుగా పక్కకు పోయేది అడిగి చేయడమే.

నేను చూసిన ఒక చిన్న సంగతి కూడా చెబుతాను. కొన్నేళ్ల క్రితం ఒక దాతృత్వ సంస్థ ఇచ్చిన ట్యాబ్‌లు పాఠశాలలో ఎలా ఉపయోగపడుతున్నాయో చూడటానికి వెళ్లాను. సంస్థ కంప్యూటర్‌లో ప్రగతి చూపే పట్టికలో, అంటే డ్యాష్‌బోర్డులో, ఆ బడి అంతా సవ్యంగా ఉన్నట్టు పచ్చరంగులో ఉంది. ట్యాబ్‌లు మాత్రం బీరువాలో ఉన్నాయి, తాళం ప్రధానోపాధ్యాయుడి దగ్గర ఉంది. పోతే తన జీతంలోంచి కోస్తారేమోనని ఆయన భయం. ఆ భయం ఎవరికి చెప్పాలో ఆయనకు తెలియదు, ఆయనను అడగాలని సంస్థలో ఎవరికీ తోచలేదు.

అందుకే దాత మనసులో ఏముందో తేల్చే పని పెట్టుకోవద్దని మీకు చెబుతాను. పేరు కోసం ఇచ్చిన డబ్బుతో మంచి బడి నడవవచ్చు, నిండు మనసుతో ఇచ్చినదీ బీరువాలో ఉండిపోవచ్చు. ఆ సంస్థలో దాతకు ‘ఇది పనిచేయడం లేదు’ అని చెప్పగలిగినవారు ఉన్నారా, చెప్పిన తర్వాత వారి ఉద్యోగం నిలిచిందా అన్నది తెలుసుకోవాలి. మీ అమ్మాయి ఇంటర్వ్యూలోనే, మీరు ఆపేసిన ప్రాజెక్టు ఒకటి చెప్పండి, ఎందుకు ఆపారో చెప్పండి అని మర్యాదగా అడగవచ్చు. అన్నీ విజయాలే అని జవాబు వస్తే నేనైతే చేరను. బోర్డులో కుటుంబ సభ్యులు, కంపెనీ అధికారులు తప్ప బడి నడిపిన అనుభవం ఉన్నవారు ఒక్కరైనా ఉన్నారేమో చూడాలి.

ఉద్యోగ భద్రత కోసం అడగాల్సింది ఇంకొకటి ఉంది: నిధులు దాత సొంత ఆస్తివా, కంపెనీ సామాజిక బాధ్యత ఖాతావా? రెండోదైతే, ఒకటికి మించి సంవత్సరాలు సాగే ప్రాజెక్టుకు, మొదలైన ఆర్థిక సంవత్సరాన్ని మినహాయించి, నిబంధనలు మూడేళ్ల గడువే ఇస్తాయి. నియామకం ప్రాజెక్టుతో ముడిపడితే ఉద్యోగమూ దానితోనే ముగియవచ్చు. పీఎఫ్, నోటీసు కాలం నియామక పత్రంలో ఉండాలని పట్టుబట్టడంలో తప్పు లేదు. ఆరు నెలల ఖర్చు చేతిలో ఉంచుకుని అడుగు వేయమనండి.

హోదా విషయంలో మాత్రం నా సలహా ఆమెకు రుచించకపోవచ్చు. ప్రోగ్రామ్ మేనేజర్‌గా హైదరాబాద్ ఆఫీసులో కూర్చునే బదులు, మొదటి ఏడాది ఏ వికారాబాద్‌లోనో నాగర్‌కర్నూల్‌లోనో బడులతో పనిచేసే అవకాశం అడగాలి. సాఫ్ట్‌వేర్ నుంచి వచ్చినవారికి డ్యాష్‌బోర్డు తయారు చేయడం వెన్నతో పెట్టిన విద్య. ఆ అంకెలో ఏది కనిపించదో తెలియడానికి తరగతి గదిలో కూర్చోవాలి. సామాజిక శాస్త్రాలు చెప్పే టిస్ (టాటా ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సోషల్ సైన్సెస్) హైదరాబాద్ క్యాంపస్‌లోనో, గుజరాత్‌లోని ఆనంద్‌లో గ్రామీణ నిర్వహణ నేర్పే ఇర్మాలోనో చదవాలనుకుంటే ఆ ఏడాది తర్వాత నిర్ణయించుకోవచ్చు, అప్పటికి ఏం చదవాలో ఆమెకే తెలుస్తుంది.

రాజీనామా ఇచ్చేలోపు రెండు రోజులు సెలవు పెట్టి, ఆ ప్రాజెక్టు నడుస్తున్న బడి ఒకటి ఫౌండేషన్ వాళ్లు వెంట లేకుండా చూసి రమ్మనండి. వీలైతే మీరూ వెళ్లండి. కొత్తగా వచ్చిన అమ్మాయికి చెప్పని మాటలు మీ వయసు మనిషికి ప్రధానోపాధ్యాయుడు చెప్పవచ్చు.